మావిస్ లేని సినిమా

సండర్లాండ్,
3 మార్చి 2009

ప్రియమైన హెస్టర్,

నీ సినిమాలు ఒక్కటీ వదల్లేదు. జైల్లో తల్లుల మీద తీసింది చూసి రెండు రోజులు ముద్ద దిగలేదు నాకు. ముసలివాళ్లను కట్టేసి ఉంచే ఆ ఆశ్రమం నువ్వు చూపించాకే కదా మూతపడింది! పాతికేళ్లుగా ఎవరికీ పట్టనివాళ్ల గడప తొక్కిన మనిషివి. అందుకే ఈ మాట రాయడానికి చెయ్యి రావడం లేదు. మా జెన్నా నీ దగ్గర పనికి దరఖాస్తు పెట్టింది. దాన్ని తీసుకోకు.

ఎనభై నాలుగులో మా ఫ్లాట్ల చెమ్మ మీద సినిమా తీశావు. మా వంటింట్లో పదకొండు నిమిషాలు నాచేత మాట్లాడించావు. గోడల బూజు, చంటిపిల్ల జెన్నా దగ్గు, అన్నీ చెప్పుకున్నాను. టీవీలో వేసిన రోజు జుట్టు సెట్ చేయించుకుని, శాండ్‌విచ్‌లు చేసి, మేడలో అందరినీ పిలిచాను. ఎదురింటి డాట్ కనిపించింది, కింది ముసలాయన కనిపించాడు, ఆయన పిల్లి కూడా కనిపించింది. నేను లేను.

డాట్ ఊరుకుంటుందా? "ఏమే మావిస్, నీ దగ్గరికొచ్చేసరికి రీలు అయిపోయిందేంటే?" అంది. అందరూ పడీపడీ నవ్వారు. నేనూ నవ్వి, బాత్‌రూమ్‌లోకి వెళ్లి ఏడ్చాను. నా కష్టం నీకు పనికిరాలేదని ఇన్నేళ్లూ కుమిలాను. నా బిడ్డకూ ఆ గతి వద్దు.

మావిస్

లండన్,
9 మార్చి

నా మావిస్‌కి,

పనికిరాకపోవడమా! అంత మంచి పదకొండు నిమిషాలు నేను మళ్లీ తీయలేదు. "పిల్ల దగ్గితే రాత్రంతా వాళ్ల నాన్న టెర్రీయే ఎత్తుకు తిరుగుతాడమ్మా, తెల్లారకముందే ఎవరి కంటా పడకుండా పోతాడు" అని నవ్వావు, మర్చిపోయావా? అప్పుడు నువ్వు ఒంటరి తల్లుల భత్యం మీద బతుకుతున్నావు. ఇంట్లో మగమనిషి ఉంటే అది ఇవ్వరు. భత్యం ఆఫీసువాళ్లు ఆ మాట వింటే డబ్బు ఆగేది, నీ మీద కేసు పడేది. పోనీ ఆ మాట ఒక్కటీ తీసేద్దామంటే, ప్రతి షాటులోనూ తలుపు పక్కన టెర్రీ బూట్లే.

"సినిమాకి ప్రాణమే అది, నీకు పిచ్చా!" అని నిర్మాత కేకలేశాడు. అయినా మొత్తం తీసేశాను. కారణం నీకు రాద్దామంటే, ఆ ఉత్తరమే సాక్ష్యమవుతుందని భయపడ్డాను. భయం తీరాకైనా చెప్పాల్సింది. చెప్పలేదు. ఆ తప్పు నాదే, క్షమించు. జెన్నా విషయం నీ ఇష్టం.

నీ హెస్టర్

సండర్లాండ్,
12 మార్చి

హెస్టర్ తల్లీ,

నీ ఉత్తరం టెర్రీకి చదివి వినిపించి, "ఆ బూట్లు లోపల పెట్టవయ్యా అని ఎంత మొత్తుకున్నాను!" అని పాతికేళ్ల తిట్లన్నీ ఒక్కసారే తిట్టాను. తర్వాత ఇద్దరం చాలాసేపు ఏడ్చాం.

సోమవారం రైలుకి జెన్నాని పంపుతున్నాను. ఏది చూపించకూడదో ముందు నేర్పు. కెమెరా తర్వాత ఇవ్వొచ్చు.

నీ మావిస్