గోడ కనిపించని సగం

కామాటిపుర, పన్నెండో గల్లీ
6 మార్చి 2025

చిరంజీవి రుతుజకు మామ ముత్తయ్య దీవెనలు. ఇక్కడ మేమందరం బాగున్నాం. వసైలో నువ్వూ, మీ అమ్మ రత్నక్కా కుశలమని తలుస్తాను.

ఆదివారం మన చాల్ గదుల్లో ఉండేవాళ్లం పదకొండు మందిమి పోయి నీ సినిమా చూసి వచ్చాం. చిన్న హాలు, అరవై కుర్చీలు. కెమెరా అని నీ పేరు పడగానే మన పక్కగది అంజమ్మ లేచి నిలబడింది. వెనకాయన కూర్చోమంటే, "అరె ఠైరో జీ, మా పోరి పేరు పడ్డది" అన్నది.

ఏడేళ్ల కింద నువ్వు లెన్సుల పెట్టెలు మోసే పనిలో చేరినప్పుడు ఆమే కదా "ఆడపిల్లకు హమాలీ పనేంది" అని వెక్కిరించింది. ఇతరుల కెమెరాలు తుడిచి, ఫోకస్ పట్టడం నేర్చి, చిన్న చిత్రాలు తీసి, ఈ సినిమా దాకా వచ్చావు. దీని షూటింగుకు లైట్ల లారీ లేదు, జనరేటర్ లేదు. మన మూడో అంతస్తు వరండాలో ఎండ కోసం స్టూలు మీద కూర్చునేదానివి. "నీ కంపినీకి కరెంట్ కట్టయిందా బిడ్డా?" అని అంజమ్మ అడిగితే, "రుకో మావ్శీ, ఇంక పది నిమిషాలల్ల వస్తది" అన్నావు. సరిగ్గా పది నిమిషాలకే ఎండ వచ్చింది. నేను గడియారం చూశాను.

ఆ గోడ సంగతి కూడా రాయాలి. ఆరు రోజులు మసిపట్టి పెచ్చులూడిన గోడ ముందు తీశారు. సోమవారం వచ్చేసరికి వరండా అంతా తెల్లటి సున్నం. సగం సినిమాలో ఒక గోడ, సగంలో ఇంకో గోడ ఎట్లా కుదురుతుందని డైరెక్టర్ అతుల్ అరిచాడు. ముట్టవద్దని చాల్ వాళ్లకు చెప్పడం మరిచిపోయానని, తప్పు నాదేనని అన్నావు. తరువాత కెమెరాను ఆ గోడకు ఆనించి, ఇవతలికి తిప్పావు. కొత్త సున్నం మీద పడిన ఎండ, ఎదురుగా నిలబడ్డ నటి ముఖం మీదికి వచ్చింది. హాలులో జనం ఆ సగాన్నే ఊపిరి బిగబట్టి చూశారు.

అయినా నువ్వు అజాగ్రత్త మనిషివని అతుల్ తన రెండో సినిమా నీకు ఇవ్వలేదని తెలిసింది. అమ్మ నిన్ను ఠాణేలో పెళ్లి వీడియోల స్టూడియోలో చేరమంటున్నదట. పదిహేనో తేదీ లోపల జవాబివ్వాలట. అది తక్కువ పని అనను. కానీ నేను ముప్పయ్యేళ్లుగా గోడలకు రంగులు వేస్తున్నాను. ఏ గోడ మీద ఎండ ఏ వేళకు ఎట్లా ఉంటుందో నాకు తెలుసనుకున్నాను. నీ సినిమా చూశాక, నేను ఇన్నాళ్లూ గోడనే చూశాను, ఎండను చూడలేదని తెలిసింది.

వేళకు తిను.

నీ మేనమామ
ముత్తయ్య

తా.క.: రత్నక్కా, పిల్లకు తెలుగు చదవడం రాదు కనుక ఈ ఉత్తరం నువ్వే చదివి వినిపిస్తుంటావు. నీ ముఖం చూసి చెప్పలేక ఇట్లా రాస్తున్నాను. షూటింగు నడుమ వచ్చిన ఆదివారం ఆ గోడకు సున్నం వేసింది నేనే. పెళ్లివారు వస్తున్నారంటే ముందు గోడకు సున్నం వేయడం మన ఇండ్ల పద్ధతి. మన పిల్ల సినిమా తీస్తుంటే, లోకానికి మసి గోడ చూపిస్తామా అనుకున్నాను. సోమవారం నా గోళ్లలో సున్నం రుతుజ చూసింది. ఒక్క మాట అడగకుండా తప్పు తన మీద వేసుకున్నది. నేను నోరు విప్పలేదు. నిన్న అతుల్ దగ్గరికి పోయి అంతా చెప్పాను. "రుతుజతో నేనే మాట్లాడతా కాకా" అన్నాడు. సినిమా ఇస్తాడో లేదో తెలియదు. నువ్వు మాత్రం ఈ చివరి మాట గట్టిగా చదువు: కెమెరా వదలకు బిడ్డా.