ఉత్తర గోడ

థెల్మార్ష్,
2019 సెప్టెంబరు 12, గురువారం

నా హెస్టర్‌కు,

సోమవారం తాపీవాళ్లు మన చర్చి ఉత్తర గోడకు కన్నం పెడతారు. కొత్తగా కట్టే మరుగుదొడ్డికి దారి అక్కడే అని నక్షా గీసింది నా మనవరాలివైన నువ్వే. నేను రాసిన చర్చి చరిత్రను నమ్మి గీశావు. ఏడో పేజీలో "ఉత్తర గోడ ఖాళీ" అని ఉంది. అది తెలిసి రాసిన అబద్ధం. అందుకే ఈ ఉత్తరం.

1971లో నాకు ఇరవై ఏడేళ్లు. చర్చి బాగోగులు చూసే పని ఒక ఆడదానికి అప్పగించడం ఈ ఊళ్లో అదే మొదలు. "చదువుకున్న పిల్ల, గోడలకు పాఠాలు చెబుతుందిలే" అని మగవాళ్లు నవ్వేవారు. కోతల పండుగ ముందు గుమ్మానికి ఎదురుగా ఉన్న ఆ ఉత్తర గోడ మీద ఎర్రటి మరక కనిపించింది. చెమ్మ అనుకుని ఇనుప బ్రష్షుతో అరగంట రుద్దాను. పాత వెల్ల పెచ్చులుగా రాలి, లోపలినుంచి ఒక పసిబిడ్డ కన్ను నన్ను చూసింది. పక్కన బుగ్గ ఉండవలసిన చోట ఉత్త రాయి. అది ఏ బొమ్మో వెంటనే తెలిసింది: బాల యేసును భుజాన ఎత్తుకుని ఏరు దాటే పునీత క్రిస్టఫర్‌ను వెనకటివాళ్లు గుమ్మానికి ఎదురుగానే చిత్రించేవారు. కాళ్ల దగ్గరి ఎర్రటి పొడి ఊడ్చేసి, మర్నాడు రెండు పూతలు వెల్ల వేశాను. మీ తాతయ్యకు కూడా చెప్పలేదు.

మొన్న మంగళవారం పాస్టరు గారికి చెప్పాను. గంటలు మోగించే డడ్లీ అక్కడే ఉన్నాడు.

"బాల యేసు మొహం కడగడానికి ఇనుప బ్రష్షా, వినీ? నీ పిల్లలకీ అలాగే పోశావా నీళ్లు?"

"నోరు ముయ్యి, డడ్లీ. ఇది నవ్వే సంగతా?"

"నవ్వక ఏం చెయ్యను? నాకు ఎనభై రెండేళ్లొచ్చాయి. ఇంకెన్నాళ్లు ఒంటేలుకని సమాధుల వెనక్కి పరిగెత్తమంటావు?"

పాస్టరు గారు నవ్వలేదు. పాత బొమ్మలు బాగుచేసే ఆవిడను పిలిపించారు. నిన్న ఆవిడ నిచ్చెనెక్కి, చిన్న కత్తితో నాలుగుచోట్ల గోరంత మేర వెల్ల లేపింది. "బుగ్గ పోయిందండీ, ఇక రాదు" అంది. నేను తల వంచుకున్నాను. "కానీ కన్ను ఉంది. కింద చేతికర్ర ఉంది. నీళ్లలో చేప కూడా ఉంది. గోడంతా మనిషే!"

నేను చెరిపింది అరచేయి మేర. దాచింది గోడంత. ఇక జరగవలసినవి:

1. ఈ ఉత్తరం అందగానే తాపీవాళ్లకు ఫోన్ చేసి పని ఆపించు.
2. గంటల గోపురం కింద పడమటి తలుపు వెడల్పు మూడడుగుల ఒక అంగుళం, రెండుసార్లు కొలిచాను. మరుగుదొడ్డికి దారి అటు గీయి.
3. ఏడో పేజీలో ఇలా ఉండాలి: "ఉత్తర గోడపై క్రిస్టఫర్ ఉన్నాడు. బిడ్డ కుడి బుగ్గను 1971లో వినిఫ్రెడ్ గారడ్ గీకేసింది." మెత్తబరచకు.
4. ఆ బుగ్గకు కొత్త రంగు పూయనివ్వకు.
5. ఆదివారం రా. ఆ కన్నును దగ్గరగా చూడాలి. నేను నిచ్చెన ఎక్కుతాను, నువ్వు కింద పట్టుకో.

మీ నాయనమ్మ,
వినిఫ్రెడ్