ఇంట్లో లేడన్న మాట

చాకవేలు,
సోమవారం.

అమ్మా నేత్రా,

నిన్ను దీవించే అర్హత నాకు లేదు. అయినా నువ్వు చల్లగా ఉండాలనే రోజూ మొక్కుకుంటున్నాను.

నీ మనోవర్తి కేసు ఏడాదిన్నరగా కదలకపోవడానికి కారణం నేనే. చిక్కబళ్ళాపుర కోర్టు నుంచి నోటీసు తెచ్చే అమీను మూడుసార్లు వచ్చాడు. నోట అబద్ధం రాకూడదని, ప్రతిసారీ నా కొడుకు మునిరాజును ముందే వెనక పశువుల కొట్టంలోకి పంపించి, "ఇంట్లో లేడప్పా" అన్నాను. నువ్వు బాగేపల్లిలో బట్టలు కుట్టి బతుకుతూ వాయిదాలకు తిరుగుతున్నావని తెలిసే అన్నాను.

మొన్న నాలుగోసారి వచ్చినప్పుడు, నేను నోరు తెరవకముందే అతను కాగితం తీశాడు. "పూజలు చేసే మనిషివి, నిన్ను అడిగేదేముందమ్మా! లేడనే రాసుకుంటాండా" అన్నాడు. "రాయొద్దప్పా, కొట్టంలో ఉండాడు, రా" అని నేనే తీసుకుపోయాను.

మునిరాజు సంతకం చేసి నోటీసు తీసుకున్నాడు. "ఇంక దానికే అమ్మగా ఉండుపో" అన్నాడు. అప్పటి నుంచి నా చేతి అన్నం తినడం లేదు.

వాయిదా వచ్చే నెల పన్నెండున. నోటీసు అందలేదని మునిరాజు వకీలు అంటే, అందిందని చెప్పడానికి నేనూ వస్తాను. నువ్వు నాతో మాట్లాడకపోయినా ఫరవాలేదు.

మీ అత్త