సిరియాకోని నిలదీసిన చేపలామె

మనీలా, మే 1926

చెల్లీ రెమెడియోస్, మేరీమాత దయవల్ల కులాసా. వేషాలు దొరక్కపోతే పొలానికి వచ్చేయమన్నారుగా నాన్న, తమ్ముడు సిరియాకో ఇక రానక్కర్లేదు. మాటలుండని సినిమాల్లో వాడి నత్తి అడ్డు కాలేదు. నిన్న వాడు దుర్మార్గుడిగా వేసిన బొమ్మ చూసి వస్తుంటే, హాలు బయట ఒక చేపలామె వాడి చొక్కా పట్టుకుంది.

"ఆ పిల్లని ఏట్లోకి తోయడానికి నీకు చేతులెలా వచ్చాయిరా?"

వాడు "నే... నే..." అన్నాడు.

"చూశారా, చేసిన పాపానికి నోరు పెగలట్లేదు!"

పక్కనే ఉన్న సినిమా కంపెనీ యజమాని, "ఇంతలా తిట్టించుకునేవాడు నాకింకెక్కడ దొరుకుతాడయ్యా!" అని ఈ ఏడంతా పని ఇచ్చాడు.

అమ్మ మోకాలి నొప్పి తగ్గిందా? ఎండుచేపలు పంపు. వాడి తరఫున దీవెన అడిగి, నాన్న చెయ్యి నీ నుదుటికి ఆనించుకో. వాడు బయల్దేరినప్పుడు నాన్న దీవించకుండా వెనక్కి లాక్కున్న చెయ్యి, ఈసారి ఇస్తారు.

మీ అక్క పెట్రొనిలా