నాన్న చేతికి వినపడింది

అమ్మా,

నాన్న గురించి బెంగ పెట్టుకోకు. ఈ పల్లెటూరి సంగీత ఉత్సవంలో మేమంతా కులాసాగా ఉన్నాం. "చెవుడొచ్చినవాణ్ణి పాటలకి లాక్కొచ్చారేమిటే!" అని మొదటిరోజంతా గడ్డిలో మూతి ముడుచుకుని కూర్చున్నారు. నిన్న పిల్లలకి డ్రమ్ములు నేర్పే అమ్మాయి ఆయన అరచెయ్యి డ్రమ్ము మీద ఆనించి, పక్కనే దరువేసింది. "అమ్మాయ్, నా చేతికి వినపడుతోందే!" అని నాన్న ఒకటే కేక. తర్వాత మనవరాలి పక్కన చేరి గంటసేపు వాయించారు. అన్నానికి పిలిచినా లేవలేదు.

నీ మోకాళ్ళ నొప్పి తగ్గిందా? మొక్కలకి నీళ్ళు పోయించు. బీరువాలో మూలపడేసిన చెవి మిషనుకి కొత్త బ్యాటరీ వేయించి ఉంచు. ఆదివారం ఇంటికి రాగానే పెట్టుకుంటారట. నీ గొంతు సరిగ్గా విని రెండేళ్ళయిందని ఆయనే అన్నారు.

నీ మనవరాలి ముద్దులతో,
పెద్దమ్మాయి