సర్కారు జమానత్

అన్నా,

నువ్వు పోయి ఏడాది నిండింది. నిన్న సూర్యాపేటలో జరిగిన సమావేశానికి వెళ్లాల్సింది నువ్వు. జీతం చీటీ లేనివాళ్ల ఇంటి లోన్లకు ప్రభుత్వం జమానత్, అంటే పూచీ, ఉండడం మానేయాలా, కొనసాగించాలా అని అభిప్రాయాలు అడిగారు. బ్యాంకులో ఉన్నన్నాళ్లూ నువ్వు ఇప్పించినవి ఆ లోన్లే. కాలేజీలో ఎకనామిక్స్ చెబుతానని నన్ను పిలిచారు, దరఖాస్తు పెట్టినవాళ్లనూ పిలిచారు.

నా పక్కన, పాలకీడు నుంచి వచ్చిన సైదమ్మ కూర్చుంది. మిల్లులో కూలికి పోతుంది. ముహూర్తం దాటిపోతుందని, లోన్ మంజూరు కాకముందే ముగ్గు పోసి పునాది లేపేసింది. మన దగ్గర అందరూ చేసే పొరపాటే. ఇప్పుడు ప్రభుత్వం తప్పుకుంటే ఆమె ఇల్లు అక్కడే ఆగిపోతుంది.

"సర్కారు పూచీ ఉందని బ్యాంకులు చూడకుండా ఇస్తాయి. ఎగ్గొడితే భారం అందరి మీదా పడుతుంది" అన్నాడొక అధికారి. నీతో నేను వాదించిన మాటే అది. ఇప్పటికీ తప్పనుకోను. అయినా నా వంతు వచ్చేసరికి నీ మాటే నోట వచ్చింది.

"కొనసాగించండి. కానీ ఇచ్చేముందు ఆ ఇంటికి వెళ్లి, మనుషులను చూసి ఇవ్వండి" అన్నాను. నువ్వు చేసినట్టు.

బయటికి రాగానే సైదమ్మ నా చెయ్యి పట్టుకుంది. "గంత మాట్లాడినవ్ గద మేడం, ఇంతకు నాకు లోన్ వస్తదా?"

"తెల్వదమ్మా."

"గింత సదివి తెల్వదంటవేంది! గోడలు లేపాల్నా, ఆపాల్నా? గదన్న చెప్పు."

ఆపమనడానికి నోరు రాలేదు. లేపమనడానికి ధైర్యం చాలలేదు. నువ్వుంటే ఆమె ఆ మాట నన్ను అడిగేదే కాదు.