మూకీలో మూడో డిస్కు

షెఫీల్డ్, 3 మార్చి 2013

తెలుగు సంఘం కార్యదర్శి పుష్పలీల గారికి నమస్కారం.

ఉగాది సభలో గ్రీకు మూకీకి నా భార్య శివపార్వతి చెప్పాల్సిన వ్యాఖ్యానం నేను చెబుతాను. ఆమె రాసిన కాగితాలు ఉన్నాయి. నవంబరులో ఆమె పోయాక తెరవలేదు.

సినిమా మూడు డిస్కులు. ఒకటి, గాయకుడి పెళ్ళి. రెండు, భార్య మరణం. మూడు, ఆమె కోసం పాతాళానికి వెళ్తాడు. దారిలో వెనక్కి చూడకుండా నడిస్తే ఆమె దక్కుతుంది. చూస్తాడు.

ఇట్లు,
వీరాంజనేయులు

తా.క. భోజనం టికెట్టు ఒకటి చాలు.

బర్మింగ్‌హామ్, 10 మార్చి

అన్నయ్యగారికి నమస్కారాలు.

కమిటీలో ఒకటే గందరగోళం. మన పురాణంలో భార్య యముడితో వాదించి మరీ మొగుణ్ణి తెచ్చుకుంది. ఈయన తిన్నగా నడవలేకపోయాడా? "మా ఆయనా అంతే, కారులో సాట్‌నావ్ దారి చెప్పినా వినరు" అంది లక్ష్మి ఆంటీ. పండగపూట చావుతో ముగిస్తే అశుభం అంటున్నారు. మీరే నోటితో బతికించెయ్యండి. మూకీయే కదా, ఎవరికి తెలుస్తుంది!

మీ చెల్లెలు,
పుష్పలీల

తా.క. పాతాళంలో మూడు తలల కుక్కట. దత్తాత్రేయస్వామి పెంపుడుదని చెప్పొచ్చా?

షెఫీల్డ్, 16 మార్చి

పుష్పలీల గారికి,

చెప్పకూడదు. శివపార్వతి రాసిన ఒక్క మాట కూడా మార్చను. డిస్కులు పోస్టులో పంపుతున్నాను. నంబర్లు వేశాను.

వీరాంజనేయులు

తా.క. కాగితాలు తెరిచాను. చివరి పుట దగ్గర గొంతు నిలుస్తుందో లేదో తెలియదు.

బర్మింగ్‌హామ్, 15 ఏప్రిల్

అన్నయ్యగారూ,

ఎలా క్షమాపణ చెప్పను! ప్రొజెక్టర్ చూసుకునే బాబూరావు గారు డిస్కులు తారుమారుగా వేశారు. మొదలవగానే చావు, తర్వాత పాతాళం. అతను వెనక్కి చూశాడు, ఆవిడ మాయమైంది, హాలంతా ఉసూరుమంది. అంతలో పెళ్ళి! "బతికొచ్చిందర్రా!" అంటూ జనం లేచి తెరమీద అక్షతలు చల్లేశారు. మీరైనా ఆపకుండా పెళ్ళి పుట చదివేశారేమిటి?

నంబర్ల ప్రకారమే వేశానని బాబూరావు గారు ఒట్టేస్తున్నారు. ఇక ప్రొజెక్టర్ ముట్టుకోవద్దని కమిటీ తీర్మానించింది.

పుష్పలీల

తా.క. పాపం, ఆయన కళ్ళ పరీక్షకి ఆప్టీషియన్ దగ్గర అపాయింట్‌మెంట్ తీసుకున్నారు.

షెఫీల్డ్, 19 ఏప్రిల్

అమ్మా పుష్పలీలా,

తీర్మానం రద్దు చేయించండి. బాబూరావు గారి తప్పేమీ లేదు. నంబర్లు అలా వేసింది నేనే. ఆమె మాట ఒక్కటీ మార్చలేదు. వరస మార్చాను. ఆమె మాయమయ్యే చోట కాగితాలు మూసి, ఇంటికి రావడం నా వల్ల కాదనిపించింది.

ఆయనకు నా క్షమాపణ చెప్పండి.

వీరాంజనేయులు

తా.క. ఆ అపాయింట్‌మెంట్ నాకిప్పించండి. తెరమీద పెళ్ళికూతురు నాకు శివపార్వతిలా కనిపించింది.